పది నలభైకి వడ పరిస్థితి

నా పేరు గోపాలం. పశువుల ఆసుపత్రిలో ముప్ఫై ఒక్క ఏళ్లు కాంపౌండరుగా పనిచేసి రిటైరయ్యాను. ఈ సంగతి మా గుమ్మడూరులో పిల్లాజెల్లా అందరికీ తెలుసు. ఒక్క మునసబు కోర్టువారికి మాత్రం తెలియదు. కోర్టువారి కాగితాల్లో నాకు పేరు లేదు, ఉద్యోగం లేదు. అక్కడ నేను "మూడవ బల్ల వద్ద అసంతృప్తితో ఉప్మా తినుచున్న కళ్లజోడు వ్యక్తి"ని. అలా నమోదయ్యాను గనక అలాగే ఉండాలి. ఉన్నాను కూడా.

ఇదంతా ఎలా వచ్చిందో తెలియాలంటే ముందు మంగతాయారు వడ గురించి చెప్పాలి.

కోర్టుకు సరిగ్గా ఎదురుగా, రోడ్డు దాటితే మంగతాయారు టిఫిన్ హోటలు. రేకుల కప్పు, నాలుగు బల్లలు, వెనకాల వంటగదిలో ఒక రుబ్బురోలు. ఇడ్లీ ఉంటుంది, ఉప్మా ఉంటుంది. వాటి గురించి ఎక్కువ మాట్లాడుకోకపోవడమే మర్యాద. ఆ హోటలు నిలబడింది వడ మీద. పైన కరకరలాడుతుంది, లోపల దూదిలా ఉంటుంది, మధ్యలో చిల్లు పాత కానీ బిళ్ల చిల్లులా గుండ్రంగా ఉంటుంది. పొద్దున ఏడింటికి మొదటి వాయి దిగితే పదిన్నరకల్లా ఆఖరి వాయి కూడా చెల్లిపోయేది. అప్పుడు మంగతాయారు గుమ్మం పక్కన తగిలించిన పలక మీద సుద్దముక్కతో "వడ అయిపోయినది" అని రాసేది. మర్నాడు పొద్దున్నే చీర చెంగుతో తుడిచేసేది. భర్త పోయిన దగ్గర్నుంచి ఇరవై రెండేళ్లుగా ఆవిడకు ఉన్న రాతకోతలన్నీ ఆ పలక మీదే.

ఈమధ్య ఆవిడకు మోకాళ్ల నొప్పులు పట్టుకున్నాయి. పొయ్యి దగ్గర నిలబడలేక, హోటలును పేరుతోనూ వ్యాపారంతోనూ సహా ఎరువుల కొట్టు వీరరాఘవులుకు అమ్మేటట్టు అగ్రిమెంటు రాసింది. రాఘవులు మంచివాడే. రోజూ రెండు ప్లేట్ల వడ తినే మనిషి చెడ్డవాడు ఎలా అవుతాడు? కానీ రిజిస్ట్రేషను ముందురోజు వంటగదిలోకి వచ్చి, రుబ్బురోలు వంక చూసి, "అక్కా, దీన్ని పీకించేసి ఇక్కడ కరెంటు గ్రైండరు పెట్టిద్దాం" అన్నాడు.

"రోలు పీకేవాడికి నేను సంతకం పెట్టను పో" అంది మంగతాయారు.

"అగ్రిమెంటులో రోలు ఊసే లేదుగా!"

"ఊసు లేనిదాని జోలికి నువ్వెందుకొచ్చావ్?"

మాటా మాటా పెరిగింది. రాఘవులు దావా వేశాడు. ఆయన భయమల్లా ఒక్కటే, దావా తేలేలోపు ఈవిడ హోటలును ఇంకెవరికైనా అమ్మేస్తుందేమోనని. అలా అమ్మకుండా ఆపండి చాలు అని ప్లీడరుతో చెప్పాడు. కానీ ఆ ప్లీడరుకు తక్కువ అడగడం చేతకాదు. దావా ఆస్తి యొక్క స్వరూప స్వభావములలో గాని, అందలి సమస్త చరస్థిరములలో గాని ఎట్టి మార్పూ జరగకుండా, ఉన్నది ఉన్నట్టుగా ఉంచుటకు మధ్యంతర ఉత్తర్వు ఇప్పించవలెనని రాశాడు. మునసబుగారు కొత్తగా వచ్చినవారు, మహా జాగ్రత్త మనిషి. సంతకం కింద తేదీతో పాటు గంటా నిమిషం కూడా వేసే అలవాటు ఆయనకు. కోర్టు కూర్చోగానే మొదటి కేసుగా దీన్ని పిలిచి, "ఈ క్షణమునందు ఎట్లున్నదో అట్లే ఉంచవలెను" అని ఉత్తర్వు రాసి, సంతకం చేసి, కింద "10-30" అని వేశారు. ఉన్నది ఎలా ఉందో చూసి రాసుకు రావడానికి అడ్వొకేటు కమిషనరుగా కొమరగిరి దక్షిణామూర్తిగారిని నియమించారు.

దక్షిణామూర్తిగారు నల్లకోటుతో రోడ్డు దాటి హోటల్లోకి వచ్చారు. ఎవరైనా రోడ్డు దాటి ఆ హోటల్లోకి వస్తే మొదట ఏం చేస్తారో ఆయనా అదే చేశారు. ఒక ప్లేటు వడ తెమ్మన్నారు. అప్పుడే నేనూ వచ్చి మూడో బల్ల దగ్గర కూర్చుని, నాకూ ఒక ప్లేటు చెప్పాను.

"అయిపోయినయ్ అన్నయ్యగారూ" అంది మంగతాయారు. "ఆఖరి ప్లేటు ఇదిగో ఈ కోటాయనకిచ్చా. ఉప్మా తింటారా?"

నేను ఉప్మా తింటూ, పక్కనున్న రెండో బల్ల మీద ఆ రెండు వడలూ ఒకదాని తర్వాత ఒకటి మాయమవడం చూశాను. దక్షిణామూర్తిగారు చట్నీ వేలితో నాకి, లేచి చెయ్యి కడుక్కుని, గోడ గడియారం చూసి, సంచిలోంచి తెల్లకాగితాలు తీశారు. అప్పటికి మంగతాయారు పలక మీద రాసేసింది. ఈలోగా రాఘవులు కూడా వచ్చాడు.

"కోర్టువారి ఉత్తర్వు మేరకు స్థానిక తనిఖీ ప్రారంభించడమైనది. ఎవరూ కదలరాదు" అన్నారు కమిషనరుగారు.

ఆయన రాసిన నివేదిక నేను తర్వాత చదివాను. పదహారు పేజీలు. గడియారం: పది గంటల నలభై నిమిషములు. కుళాయి: కారుచున్నది, నిమిషమునకు పదకొండు చుక్కలు. పిల్లి: ఒకటి, తెల్లనిది, నిద్రలో. ఒకటవ బల్ల: తొమ్మిది ఈతచాపల కట్టతో ఒక మనిషి, కాఫీ తాగుచు. రెండవ, నాలుగవ బల్లలు: ఖాళీ. మూడవ బల్ల: నేను. ఇడ్లీ: కలదు. ఉప్మా: సమృద్ధిగా కలదు. వడ: లేదు. పలకపై రాతపూర్వక ధ్రువీకరణ కలదు.

పన్నెండో పేరా కొంచెం ఘాటుగా ఉంది. రాఘవులును చూడగానే మంగతాయారు ఊరుకోలేకపోయింది. "ప్రతివాది వాదినుద్దేశించి, నీ నోట్లో మన్ను పడ, నా రోలు జోలికొస్తావా అనెను. వాది ప్రతివాదినుద్దేశించి, కోర్టులోనే తేల్చుకుందాం రా అనెను. ఉభయుల నడుమ వైరము: కలదు."

మర్నాడు పొద్దున మంగతాయారు ఎప్పటిలాగే చెంగు పట్టుకుని పలక దగ్గరకు వెళ్లింది. వెనకనుంచి "ఆగుము!" అని కేక. దక్షిణామూర్తిగారు, కోర్టు బంట్రోతు.

"ఆ పలక కోర్టువారి రికార్డు. దానిని తుడుచుట ధిక్కారము" అన్నారు.

"తుడవకపోతే వడలు లేవనుకుని జనం వెళ్లిపోరా?"

"వడలు లేవు కనుకనే అట్లు రాసి ఉన్నది. మా నివేదికలో వడ లేదు. లేని వడను నేడు సృష్టించిన, అది దావా ఆస్తి స్వభావమును మార్చుటయే."

మంగతాయారు తల పట్టుకుంది. "ఏందయ్యా నువ్వనేది? పప్పు నానబోశా, తెల్లారగట్ల లేచి రుబ్బా. ఇప్పుడు వడలెయ్యొద్దంటే ఆ పిండంతా ఏం జెయ్యను? గోడలకి మెత్తుకోనా?"

"గోడలకు మెత్తరాదు" అన్నారు దక్షిణామూర్తిగారు కంగారుగా. "గోడల స్థితి ఆరవ పేరాలో నమోదైనది."

ఆ పిండి ఏమైందో నాకు తెలుసు. కోర్టు గోడ పక్కన తిరిగే గేదెలు తిన్నాయి. రెండు గేదెలకు కడుపు ఉబ్బితే నేనే వెళ్లి మందు పోశాను.

ఆవిడ ప్లీడరు పరిగెత్తి పిటిషను వేశాడు. వడ అనేది ఏ రోజుకారోజు తయారయ్యే పదార్థమని, పదిన్నరకు అయిపోవడం దాని మామూలు లక్షణమేనని, మర్నాడు మళ్లీ ఉంటుందని మొత్తుకున్నాడు. మునసబుగారు శ్రద్ధగా విని ఇలా రాశారు: "మర్నాడు అనునది ఉత్తర్వు పరిధిలో లేదు. ఉత్తర్వు దృష్టిలో దావా ఆస్తియందు కాలము 10-40 వద్ద నిలచియున్నది." దాంతో గడియారానికి కీ ఇవ్వడం కూడా నిషేధమైంది. అది నాలుగు రోజులు తన ఇష్టప్రకారం తిరిగి ఆగిపోతే, బంట్రోతు స్టూలెక్కి ముల్లు పది నలభై దగ్గరకు తిప్పి సీలు వేసి దిగాడు.

ఇక అసలు చిక్కు మాకు వచ్చింది. మాకు అంటే నాకూ, చాపల సాంబయ్యకూ. సాంబయ్యది పన్నెండు మైళ్ల అవతల పల్లెటూరు. ఆ రోజు బస్సు మారడానికి దిగి, మధ్యలో కాఫీ తాగుదామని కూర్చున్న పాపానికి ఒకటో బల్ల లక్షణంగా నమోదయ్యాడు. మర్నాడు ఆ బల్ల ఖాళీగా కనబడేసరికి రాఘవులు ప్లీడరు, ప్రతివాది ఒక మనిషినీ తొమ్మిది చాపలనూ దావా ఆస్తినుంచి తొలగించిందని మెమో వేశాడు. మంగతాయారు సాంబయ్య ఊరు వెళ్లి, బతిమాలి, రోజూ తీసుకొచ్చి కూర్చోబెట్టింది.

సాంబయ్య తెలివైనవాడు. ఎలాగూ వస్తున్నానుగదా అని మూడోరోజు ఒక చాప ప్లీడరు గుమాస్తాకు అమ్మాడు. వెంటనే తనిఖీ. "చాపలు ఎనిమిది. ఒకటి అన్యాక్రాంతమైనది." గుమాస్తా దగ్గర చాప వెనక్కి తెచ్చి కట్టలో దోపిందాకా దక్షిణామూర్తిగారు కదల్లేదు. ఆ తర్వాత సాంబయ్య అమ్మడానికి వేరే చాపలు, కోర్టువారి కోసం ఈ తొమ్మిది చాపలు తెచ్చుకునేవాడు. కోర్టు చాపలు ఎలకలు కొరికినా మార్చడానికి వీల్లేకపోయింది.

నేను మాత్రం ఎక్కడికి పోతాను? ధిక్కారం అంటే జైలట. రోజూ పదింటికి వెళ్లి మూడో బల్ల దగ్గర కూర్చునేవాణ్ణి. పది నలభైకి కమిషనరుగారు వచ్చి నా మొహంలోకి పరీక్షగా చూసేవారు. ఒకరోజు మా మనవరాలు పరీక్ష పాసైన ఉత్తరం వచ్చి, నేను కాస్త నవ్వుమొహంతో ఉన్నాను.

"అసంతృప్తి కానరావడం లేదే?" అన్నారు.

"ఉందండీ, లోపల ఉంది."

"నివేదికలో ఉన్నది మొహము మీది అసంతృప్తి."

నేను ఒక చెంచా ఉప్మా నోట్లో పెట్టుకున్నాను. ఆయన తృప్తిగా టిక్కు పెట్టుకుని వెళ్లారు.

కమిషనరుగారు మొదటిసారి తనిఖీకి వచ్చిన రోజునే ఒక్క మాట చెప్పాలని చూశాను. "అయ్యా, ఆ ఆఖరి వడ ఎవరు తిన్నారంటే" అని మొదలుపెట్టాను కూడా. దక్షిణామూర్తిగారు చెయ్యెత్తి ఆపారు. "తాము సాక్షి కారు, లక్షణము. గోడా కుళాయీ మాట్లాడవు గదా? అట్లే తామూను" అన్నారు. అన్నాళ్ల ఉద్యోగంలో పశువులు కూడా నన్ను అంతమాట అనలేదు.

హోటలు గతి ఏమైందో చెప్పక్కర్లేదు. రెండో బల్లా నాలుగో బల్లా ఖాళీగా ఉండాలి గనక వచ్చినవాళ్లను కూర్చోబెట్టడానికి లేదు. పలక మీద "వడ అయిపోయినది" అని ఉంటుంది గనక వచ్చేవాళ్లే లేరు. హోటలు మూసేద్దామంటే, తలుపులు తెరచియున్నవని నాలుగో పేరా. ఆస్తిని కాపాడడానికి ఇచ్చిన ఉత్తర్వు ఆస్తిని ఎంత శ్రద్ధగా కాపాడిందంటే, ఎనిమిది నెలల్లో అందులో కాపాడడానికి ఏమీ మిగల్లేదు.

ఈ సంగతి అందరికంటే ముందు గ్రహించినవాడు రాఘవులు. ఒకరోజు వచ్చి, ఖాళీ బల్లలు చూసి, చల్లారిన బాణలి చూసి, గుమ్మంలోనే కూలబడ్డాడు.

"నేనడిగింది నువ్వు ఇంకోడికి అమ్మకుండా ఆపమని అక్కా. వడలాపమన్నానా? వడలేని హోటలు నేనేం జేసుకోను? నా నోరు చప్పబడి ఎనిమిది నెలలైంది."

"మరి రోలు?"

"రోలుకి దణ్ణం పెట్టి అక్కణ్ణే ఉంచుతా. కావాలంటే నేనే కూసుని రుబ్బుతా. దావా తీసేసుకుందాం పద."

ఇద్దరూ రాజీ పత్రం రాయించుకుని, పక్కపక్కనే నడుస్తూ రోడ్డు దాటి కోర్టు మెట్లెక్కారు. మంగతాయారు చాలా రోజులకు నవ్వింది. మునసబుగారు పత్రం చదివి, కళ్లద్దాల మీదనుంచి ఇద్దర్నీ చూసి, దక్షిణామూర్తిగారిని పిలిపించారు.

"కమిషనరుగారూ, ఉత్తర్వు నాటికి ఉభయపక్షముల మధ్య స్థితి ఏమి?"

"వైరమండీ. పన్నెండవ పేరా."

"నేడు?"

"నవ్వుచు ప్రవేశించారండీ. బంట్రోతు చూశాడు."

మునసబుగారు ఉత్తర్వు చెప్పారు. "వైరము ఈ దావాకు మూలము. మూలమును తొలగించుట యథాతథ స్థితికి తీరని భంగము. దావా తేలువరకు ఉభయపక్షములూ తమ మధ్య వైరమును నమోదైన ప్రమాణములో కొనసాగించవలెను. రాజీ పిటిషను కొట్టివేయడమైనది."

దావా ఎప్పుడు తేలుతుందని ఆవిడ ప్లీడరు అడిగాడు. దావా కూడా ఉత్తర్వు నాటికి పెండింగులో ఉన్నదే గదా, దాని స్థితి మార్చవచ్చునా అన్నది పరిశీలించాల్సిన అంశమని మునసబుగారు సెలవిచ్చారు.

ఆ వారం నుంచి ప్రతి సోమవారం రాఘవులు హోటలుకొచ్చి కమిషనరుగారి ఎదుట నిలబడేవాడు. మంగతాయారు "నీ నోట్లో మన్ను పడ, నా రోలు జోలికొస్తావా" అనేది. రాఘవులు "కోర్టులోనే తేల్చుకుందాం రా" అనేవాడు. దక్షిణామూర్తిగారు వెళ్లగానే ఆవిడ, "ఏవనుకోమాక రాఘవులూ, చిన్నమ్మాయికి జొరం తగ్గిందా?" అని అడిగేది. ఒక సోమవారం గొంతులో కోపం చాలలేదని మళ్లీ చెప్పించారు.

పదకొండో నెలలో ఒకరోజు నేను వెళ్లేసరికి ఆవిడ వంటగదిలో రోలు పక్కన నేలమీద కూర్చుని ఉంది. రోలు పొడిగా, బూజు పట్టి ఉంది.

"ఏంటమ్మా, ఒంట్లో బాగాలేదా?"

"బాగానే ఉన్నా అన్నయ్యగారూ. నిన్న మా చెల్లెలింట్లో నాలుగు వడలేసుకుందామని కూర్చున్నా. పిండి చేతిలోకి తీసుకుని తట్టబోతే చిల్లు పడలా. బొటనవేలు ఎక్కడ నొక్కాలో మర్చిపోయింది. ఇరవై రెండేళ్లు. కళ్లు మూసుకుని ఏసినదాన్ని. నా చెయ్యి పోయిందన్నయ్యగారూ."

అని కొంగు నోట్లో కుక్కుకుని ఏడ్చింది. హోటలు పోతే ఆవిడ ఓర్చుకునేది. గిరాకీ పోతే ఓర్చుకునేది. చెయ్యి పోవడం ఓర్చుకోలేకపోయింది. లక్షణం అయితే అయ్యానుగాని, లక్షణానికి కూడా ఒక హద్దు ఉంటుంది. ఆ సాయంత్రమే ఆవిడ ప్లీడరు ఇంటికి వెళ్లి అఫిడవిట్టు రాయించాను. ఉన్నది ఉన్నట్టు రాయండి, ఒక్క అక్షరం వదలొద్దు అన్నాను. అంత కచ్చితంగా ఉండకపోయినా బాగుండేదని ఇప్పుడు అనిపిస్తుంది.

విచారణ రోజు కోర్టు హాలు నిండిపోయింది. లక్షణమును సాక్షిగా విచారించవచ్చునా అన్నదాని మీద గంటన్నర వాదించుకున్నాక, నన్ను బోనెక్కించారు.

"ఆ రోజు హోటలులోనికి ఎన్ని గంటలకు వెళ్లితిరి?" అన్నారు మునసబుగారు.

"పది ముప్ఫై అయిదుకండీ."

"అప్పుడు వడ ఉన్నదా?"

"రెండున్నాయండీ. కమిషనరుగారి ముందు ప్లేటులో."

హాలంతా గుసగుసలు. దక్షిణామూర్తిగారి కోటు కింద భుజాలు కుంచించుకుపోయాయి.

"వేడిగా ఉన్నవా?"

"పొగలొస్తున్నాయండీ. నాకు మూడడుగుల దూరంలో ఉన్నాయి."

"తరువాత ఏమైనవి?"

"కమిషనరుగారు తిన్నారండీ. చట్నీ రెండోసారి కూడా వేయించుకున్నారు."

"మీరేమి తింటిరి?"

"నేను వడ కోసమే వచ్చానండీ. దొరకలేదు. ఉప్మా తిన్నాను."

"ఇష్టముతో తింటిరా?"

"లేదండీ. ఏడుస్తూ తిన్నాను."

నేనన్న ప్రతి మాటా గుమాస్తా రాసుకున్నాడు. నిజం చెప్పిన మనిషికి ఉండే నిండుదనంతో బోను దిగాను.

దక్షిణామూర్తిగారు లేచి నిలబడ్డారు. "వడ తిన్న మాట వాస్తవమే. కానీ దానిని నేను కమిషనరు హోదాలో తినలేదు, ఆకలిగొన్న సామాన్య పౌరుని హోదాలో తింటిని. చెయ్యి కడుగుకొన్న తరువాతనే కమిషనరు హోదా సంక్రమించినది" అన్నారు.

మునసబుగారు తన ఉత్తర్వు తెప్పించి కింద వేసిన గంట చూసుకున్నారు. పదీ ముప్ఫై. వారి మొహం తెల్లబోయింది. ఉత్తర్వు పదిన్నరకు అమల్లోకి వచ్చింది. అప్పటికి హోటల్లో రెండు వడలు ఉన్నాయి. వాటిని కాపాడడానికి పంపిన మనిషే వాటిని తిన్నాడు. పదకొండు నెలలుగా కోర్టు కాపాడుతున్నది ఉత్తర్వు నాటి స్థితిని కాదు, ఉత్తర్వును ధిక్కరించిన తర్వాతి స్థితిని.

"పలకపై రాత శూన్యము. తక్షణము తుడిచివేయవలెను" అన్నారు. "ప్రతివాది దావా ఆస్తియందు రెండు వడలను, వేడివిగా, పునఃప్రతిష్ఠించి, అట్లే కొనసాగించవలెను. వేడి అనునది సాక్ష్యములో స్థిరపడినందున, చల్లారినచో ధిక్కారము."

ఆవిడ ప్లీడరు అందుకున్నాడు. "రెండు వడలకు రోలు తిరగదండీ. తక్కువలో తక్కువ రెండు కిలోల పప్పు పొయ్యాలి. వేడి నిలవాలంటే గంటగంటకూ వాయి వెయ్యాలి. మిగతా వడలను ఏం చెయ్యమంటారు?"

"సాక్ష్యములో ఉన్నవి రెండు. తన ముందు లేని వడలను గూర్చి కోర్టు ఎట్టి అభిప్రాయమూ వ్యక్తము చేయజాలదు."

ఆ మాట విని ప్లీడరు వంగి వంగి నమస్కారం చేశాడు.

మర్నాడు తెల్లవారకముందే మంగతాయారు పలక ముందు నిలబడి చెంగు అందుకుంది. పదకొండు నెలల సుద్ద ఊడడానికి రెండుసార్లు తడి చెయ్యాల్సి వచ్చింది. రాఘవులు చొక్కా విప్పి రోలు దగ్గర కూర్చుని రుబ్బాడు. ఆవిడ పిండి చేతిలోకి తీసుకుంది. మొదటి వడకు చిల్లు పక్కకు జరిగింది. రెండోదీ అంతే. మూడోదాని దగ్గర కళ్లు మూసుకుని బొటనవేలు నొక్కింది. చిల్లు మధ్యలో పడింది. నూనెలో వేసి, "రాఘవులూ, వచ్చిందిరా!" అని అరిచింది. సోమవారం కాకపోయినా, జ్ఞాపకం వచ్చి, "నీ నోట్లో మన్ను పడ" అని కూడా చేర్చింది. రాఘవులు రుబ్బుతూనే, "కోర్టులోనే తేల్చుకుందాం రా అక్కా" అన్నాడు. ఇద్దరి కళ్లూ తడిగా ఉన్నాయి. నూనె పొగ అనుకుందాం.

ఏడింటికల్లా వాసన బస్టాండు దాకా పాకింది. జనం విరగబడ్డారు. దావా ఆస్తిలో కూర్చోవడానికి వీల్లేదు గనక అందరూ రోడ్డు మీద నిలబడి తిన్నారు. రికార్డులో లేని వడలను, రికార్డులో లేని మనుషులు తింటుంటే అడిగేవాడెవడు? కోర్టు బంట్రోతు నాలుగు తిన్నాడు. లోపల రెండో బల్ల మీద, ప్లేటులో, రెండు వడలు కోర్టువారి పేరిట పొగలు కక్కుతూ ఉన్నాయి. గంటగంటకూ పాతవి తీసి కొత్తవి పెడుతున్నారు. తీసేసినవి ఎక్కడికి పోతున్నాయో దక్షిణామూర్తిగారు చూడనట్టు ఊరుకున్నారు.

నేను పదింటికి ఇస్త్రీ చొక్కా వేసుకుని వెళ్లాను. మూడో బల్ల దగ్గర కూర్చుని, ఊరంతా వినబడేటట్టు, "అమ్మా, ఒక ప్లేటు వడ!" అన్నాను.

మంగతాయారు ప్లేటు అందుకుంది. దక్షిణామూర్తిగారు మధ్యలోకి వచ్చారు.

"ఆగుము. వీరు వడ తినరాదు."

"అదేంటండీ? అందరూ తింటున్నారుగా?"

"వారు రికార్డులో లేరు. తాము ఉన్నారు. పైగా తమంతట తామే ప్రమాణపూర్వకముగా చెప్పితిరి." జేబులోంచి నా అఫిడవిట్టు తీసి చదివారు. "పేరా నాలుగు. వడ కొరకు వచ్చితిని. దొరకలేదు. ఉప్మా తింటిని. ఏడ్చుచు తింటిని. ఇప్పుడు తాము వడ తిన్నచో తమ సాక్ష్యము అబద్ధమగును. సాక్ష్యము అబద్ధమైన, రెండు వడలు ఉన్నవనుట అబద్ధమగును. అప్పుడు పలక మరల రాయవలసి ఉండును."

రోడ్డు మీద నమలడం ఆగిపోయింది. అందరూ నావంక చూశారు. మంగతాయారు ప్లేటు పట్టుకుని నిలబడే ఉంది. నేను ఆవిడ చేతివంక చూశాను. బొటనవేలికి ఇంకా పిండి అంటుకుని ఉంది.

"ఉప్మానే తేవమ్మా" అన్నాను.

ఆవిడ వడల ప్లేటు పక్కన పెట్టింది. లోపలికి వెళ్లింది, చాలాసేపు రాలేదు. వచ్చాక నా ముందు ఉప్మా ప్లేటు పెట్టింది. ఉప్మా మామూలుకంటే ఎత్తుగా, చిన్న గుట్టలా ఉంది. "అడుగునుంచి తినండి అన్నయ్యగారూ, పైన చల్లారింది" అని, నావంక చూడకుండా వెళ్లిపోయింది.

చెంచా గుచ్చాను. అడుగున ఏదో కరకరమంది.

పది నలభైకి దక్షిణామూర్తిగారు వచ్చి, నా మొహంలోకి వంగి చూశారు. ఉత్తర్వు ప్రకారం నేను మొహం మాడ్చుకుని, కళ్లనీళ్లు పెట్టుకుని, మెల్లగా నములుతున్నాను. ఆయన టిక్కు పెట్టుకుని వెళ్లారు.